నురుగు చిమ్మిన సెక్రటరీ ఎవరంటే

మీ ప్రశ్న క్లుప్తంగా ఇది: ‘ఆషెస్ అండ్ డైమండ్స్’ అనే పోలిష్ సినిమాలో మేయర్ గారి సెక్రటరీగా వేసి, విందులో తప్పతాగి మంటలార్పే సిలిండర్‌తో బల్లల మీద నురుగు చిమ్మే నటుడెవరు? అంత బాగా చేసినవాడు తర్వాత ఎక్కడా పెద్దగా కనబడడేం? ‘సారగోసా మాన్యుస్క్రిప్ట్’లో తొలేదో వేషం వేసింది కూడా ఆయనేనా?

పేరు వరకైతే ఒక్క ముక్కలో చెప్పేయొచ్చు. బోగుమీవ్ కొబియెలా. చాలామంది ‘బోగుమిల్’ అని రాస్తారు. పోలిష్‌లో ‘ల’ అక్షరానికి అడ్డగీత ఉంటే అది ‘వ’ అవుతుంది, అందుకే బోగుమీవ్. ఇంటర్నెట్‌లో వెతికేటప్పుడు రెండు రకాలుగానూ వెతకండి. మిత్రులు మాత్రం ‘బోబెక్’ అనేవాళ్ళు. ఈ ముద్దుపేరు గుర్తుపెట్టుకోండి, కింద మళ్ళీ పని పడుతుంది.

ఇక ఏమైపోయాడన్న ప్రశ్నకు కాస్త ఓపిక కావాలి.

నేను ఈ సినిమా మొదట ఫిల్మ్ సొసైటీ రోజుల్లో చూశాను. 16 ఎం.ఎం. ప్రింటు. తెల్లటి దృశ్యం మీద తెల్లటి సబ్‌టైటిళ్ళు, సగం చదవలేకపోయాం. బయటికొచ్చి టీ తాగుతుంటే అందరి నోటా హీరో మాచెక్‌గా వేసిన సిబుల్‌స్కి, ఆ నల్లకళ్ళజోడు, చెత్తకుప్పల మధ్య ఆ చావు. మాతో వచ్చిన పెద్దాయన ఒకరు మాత్రం గ్లాసు కింద పెడుతూ “ఆ తాగుబోతు కుర్రాడు పిలవకపోతే హీరో రైలెక్కేసేవాడు కదా” అన్నారు. మాకెవరికీ తట్టలేదు. తర్వాత ఎన్నిసార్లు చూసినా నాకు ఆ మాటే గుర్తొస్తుంది.

మీరు చూశానన్నారు కాబట్టి కథ దాచనక్కర్లేదు. 1945 మే 8, యూరప్‌లో యుద్ధం ముగిసిన రోజు. చిన్న ఊరు, ఒక హోటలు. మాచెక్ ఒక కమ్యూనిస్టు నాయకుణ్ణి చంపడానికి వచ్చాడు. అదే హోటల్లో కొత్త అధికారుల విందు. మేయర్ సెక్రటరీ ద్రెవ్‌నోవ్‌స్కి, అంటే మన కొబియెలా, అటు కొత్త ప్రభుత్వంలో గుమాస్తా, ఇటు మాచెక్ ఉన్న కమ్యూనిస్టు వ్యతిరేక రహస్య దళానికి వార్తలు మోసేవాడు. అచ్చం గోడమీద పిల్లి. మేయర్‌కి మంత్రి పదవి వస్తుందని తెలిశాక, తనకీ పై మెట్టు దొరుకుతుందన్న ఆనందంలో తాగుతాడు. తాగి విందులో జొరబడి నురుగు చిమ్ముతాడు. ఉద్యోగం పోతుంది. తెల్లవారాక, కనీసం ఆ దళంవాళ్ళయినా చేర్చుకుంటారేమోనని వాళ్ళ లారీ దగ్గరికి పరుగెత్తితే, వాళ్ళు కొట్టి పడేస్తారు. రెంటికీ చెడ్డ రేవడి అన్నమాట. అప్పుడు దూరంగా నిలబడి చూస్తున్న మాచెక్ కనబడతాడు. “మాచెక్!” అని పిలుస్తాడు. ఆ పిలుపు తప్పించుకోవడానికి మాచెక్ పరుగెత్తుతాడు, పరుగెత్తి నేరుగా సైనికుల గస్తీకి ఎదురుపడతాడు. వాళ్ళు కాలుస్తారు.

అంటే పోలిష్ సినిమాలో అందరికీ తెలిసిన ఆ వీరమరణానికి కారణం పగబట్టిన శత్రువు కాదు, ఉద్యోగం ఊడిన ఓ గుమాస్తా సాయం కోసం వేసిన కేక. ఆ కేకలో కొబియెలా గొంతు వినండి. నవ్వించడానికి పెట్టిన పాత్ర అనుకుంటాం. అక్కడ నవ్వు రాదు.

నా అభిప్రాయం సూటిగా చెబుతాను. సినిమా చరిత్ర పుస్తకాలు కొబియెలాను ‘సిబుల్‌స్కి స్నేహితుడు’ అని ఒక్క లైనులో దాటేస్తాయి. అది అన్యాయం. యుద్ధం తర్వాతి పోలిష్ సినిమాకు రెండు ముఖాలున్నాయి. ఒకటి చావడానికి సిద్ధపడినవాడిది, అది సిబుల్‌స్కిది. రెండోది ఎలాగైనా బతికి బట్టకట్టాలనుకునేవాడిది, అది కొబియెలాది. మొదటి ముఖాన్ని పోస్టర్ల మీద వేసుకున్నారు. రెండోదాన్ని చూసి నవ్వారు, నవ్వాక కాస్త ఇబ్బంది పడ్డారు.

ఆయన పుట్టింది 1931 మే 31న, కతోవిత్సెలో. బొగ్గుగనుల ప్రాంతం. క్రాకోవ్ నటనా కళాశాలలో చదివి 1953లో బయటికొచ్చాడు. సిబుల్‌స్కి అక్కడ సహాధ్యాయి. ఇద్దరూ కలిసి బాల్టిక్ సముద్రతీరాన గ్దాన్‌స్క్‌కి వెళ్ళారు, అక్కడి రంగస్థలంలో ఉద్యోగాలు. ‘ఉద్యోగాలు’ అన్నది మాటవరసకు కాదు. అక్కడ నటుడంటే ప్రభుత్వ నాటకశాలలో నెలజీతం తీసుకునే మనిషి, సినిమా దాని పక్కన చేసుకునే పని. కొబియెలా సినిమాల జాబితా చూసి ‘ఇంతేనా’ అనుకునేవాళ్ళు మొదట ఈ సంగతి గమనించాలి. ఆయన పనిలో పెద్ద భాగం రీళ్ళ మీద లేదు.

ఆ లేని భాగంలో నాకు బాగా బాధనిపించేది ‘బిమ్-బోమ్’. 1954లో గ్దాన్‌స్క్ విద్యార్థులతో మొదలైన చిన్న నాటక బృందం, వెనకుండి నడిపించింది సిబుల్‌స్కి, కొబియెలా. యాత్సెక్ ఫెదొరోవిచ్ లాంటివాళ్ళు అందులోంచే వచ్చారు. మాటలు తక్కువ. మూకాభినయం, పాట, బొమ్మలు గీసిన తెరలు, సర్కస్ ధోరణి, మధ్యలో కవిత్వం. మొదటి ప్రదర్శన పేరు ‘ఆహా’, 1955లో. తర్వాత ‘గంభీరమైన ఆనందం’, ఆ తర్వాత ‘టోస్ట్’. స్టాలిన్ చనిపోయి రెండేళ్ళు, వేదిక మీద ఇంకా ట్రాక్టర్లూ సుత్తీ కొడవళ్ళూ నడుస్తున్న కాలం. ఆ కాలంలో కుర్రాళ్ళు వచ్చి, నినాదం ఒక్కటి కూడా లేకుండా, మనుషులు ఎంత ఒంటరిగా ఉన్నారో చూపించి నవ్వించారు. 1956 అక్టోబరులో పోలండ్‌లో రాజకీయంగా పట్టు సడలింది అని చరిత్ర చెబుతుంది. నాటకం వేసే కుర్రాళ్ళు అంతకు ఏడాది ముందే ఆ పని మొదలుపెట్టారు.

మాట లేకుండా ఒంటితో కథ చెప్పడం కొబియెలాకు అక్కడే వంటబట్టింది. పొడుగు ముక్కు, పెద్ద నోరు, ఎప్పుడూ ఎవరో వెనకనుంచి పిలిచినట్టు బిత్తరపోయే కళ్ళు. హీరో ముఖం కాదు. తెలిసిన దర్శకుడికి అది బంగారం. ఆ తెలిసిన దర్శకుడు ఆంద్జే ముంక్.

ముంక్ గురించి రెండు మాటలు చెప్పకపోతే కొబియెలా కథ అర్థం కాదు. డాక్యుమెంటరీల నుంచి వచ్చినవాడు. వీరత్వమంటే, ఆషెస్ అండ్ డైమండ్స్ తీసిన వైదాకి విషాదం కనిపించినచోట ముంక్‌కి ప్రశ్న కనిపించేది. ‘ఎరోయికా’లో (1958) రెండో కథ జర్మన్ల చేతికి చిక్కిన పోలిష్ అధికారుల శిబిరంలో జరుగుతుంది. ఒకడు తప్పించుకున్నాడన్న కట్టుకథే అందరికీ ఊపిరి. నిజానికి అతను ఎక్కడికీ పోలేదు, అదే శిబిరం అటకమీద దాక్కుని ఉంటాడు. అందులో లెఫ్టినెంట్ దొంబెత్‌స్కిగా కొబియెలాది ముఖ్య పాత్రేమీ కాదు, కానీ ముంక్ ఆయన్ని పూర్తిగా చూసింది అక్కడే అనుకుంటాను. రెండేళ్ళకు సినిమా మొత్తం ఆయన భుజాన పెట్టాడు.

అదే ‘బ్యాడ్ లక్’, 1960. మీరు చూడాల్సింది ఇదీ. పోలిష్ పేరుకు అర్థం ‘మెల్లకన్ను అదృష్టం’. అదృష్టదేవత చూస్తూనే ఉంటుంది, కానీ పక్కవాడి వైపు. యెజీ స్తావిన్‌స్కి రాసిన ‘యాన్ పిష్చిక్ ఆరు అవతారాలు’ అనే కథ దీనికి మూలం. ఎరోయికా రాసిందీ ఆయనే. కాన్ ఉత్సవంలో ఆ ఏడాది పోటీకి వెళ్ళింది.

పిష్చిక్ అనేవాడు ఒక దర్జీ కొడుకు. జీవితంలో ఒకే కోరిక: అందరిలో ఒకడిగా, వీలైతే కాస్త ముందు వరసలో నిలబడాలి. ఎవరి రాజ్యం వస్తే వాళ్ళ పాట పాడటానికి సిద్ధం. కానీ ప్రతిసారీ పాట ఎత్తుకునేసరికి రాజ్యం మారిపోతుంది. పాపి సముద్రానికి పోతే మోకాలిలోతు నీళ్ళని మనవాళ్ళన్నది ఇతన్ని చూసేనేమో. 1930లలో విద్యార్థిగా ఉన్నప్పుడు ముక్కు చూసి యూదుడనుకుని తంతారు. 1939 సెప్టెంబరులో సైన్యంలో చేరదామని వెళితే బారకాసు ఖాళీ, అందరూ వెళ్ళిపోయారు. అక్కడ పడి ఉన్న యూనిఫాం తొడుక్కుని అద్దంలో తన్ను తాను చూసుకుని మురిసిపోతుంటే జర్మన్లు వచ్చి పట్టుకుపోతారు. ఒక్క గుండు పేల్చకుండా యుద్ధఖైదీ. శిబిరంలో మహావీరుణ్ణని కోతలు కోస్తాడు, అవి బయటపడతాయి. యుద్ధం ముగిసి కమ్యూనిస్టు ప్రభుత్వం వచ్చాక ఆఫీసులో చేరి, పైవాళ్ళకన్నా ఎక్కువ విధేయత చూపించి, ఆ విధేయతే మెడకు చుట్టుకుని జైలుకు పోతాడు. ఈ కథంతా జైలు అధికారి ముందు కూర్చుని ఆయనే చెబుతుంటాడు. ఎందుకంటే విడుదల చేస్తున్నారట. తనను వదలొద్దని బతిమాలుకుంటున్నాడు. లోపల కనీసం ఏం చెయ్యాలో ఎవరో ఒకరు చెబుతారు కదా.

ఈ పాత్రని ఇంకో నటుడు వేస్తే రెండు రకాలుగా పాడయ్యేది. జాలిపడేలా వేస్తే ఏడుపు సినిమా, ఎగతాళిగా వేస్తే కార్టూను. కొబియెలా ఏం చేశాడో గమనించండి. పిష్చిక్ ఒక్కసారి కూడా తన్ను తాను చూసి నవ్వుకోడు. ప్రతి కొత్త అవతారంలోనూ, ఈసారి కుదిరింది అని మనస్ఫూర్తిగా నమ్ముతాడు. ఆ నమ్మకం మొదట వీపులో కనిపిస్తుంది, నడుం నిటారుగా అవుతుంది. దెబ్బ తగిలాక భుజాలు ముందుకు వంగుతాయి, మెడ కాలర్లోకి పోతుంది. సంభాషణ ఆపేసి చూసినా కథ ఎక్కడుందో తెలిసిపోతుంది. మొదట్లో బాల్యం భాగాన్ని ముంక్ పాత మూగసినిమాల హడావుడి ధోరణిలో తీశాడు. కాలం ముందుకు నడిచేకొద్దీ ఆ వేగం తగ్గి, నవ్వు ఇరుకవుతుంది. చివరి ఆఫీసు భాగానికి వచ్చేసరికి మనం నవ్వుతున్నది ఎవర్ని చూసి అన్న అనుమానం మొదలవుతుంది. నేను పాతికేళ్ళు ఆఫీసులో పనిచేసినవాణ్ణి. ఆ భాగం నాకు హాయిగా ఉండదు, అంతవరకే చెబుతాను.

(సరదా సంగతి: ఇందులో ఓ అమ్మాయికి పాఠాలు చెప్పే మాస్టారుగా కాసేపు కనిపించే కుర్రాడు రోమన్ పొలాన్‌స్కీ. అమ్మాయి బార్బరా క్వియాత్‌కోవ్‌స్కా.)

పోలండ్‌లో పిష్చిక్ అన్న పేరు మనుషుల్ని పిలిచే విశేషణం అయిపోయింది. 1988లో ‘పౌరుడు పిష్చిక్’ అని దీనికి కొనసాగింపు కూడా తీశారు. యెజీ స్తూర్ వేశాడు, మంచి నటుడే. కానీ పిష్చిక్ అంటే కళ్ళముందుకు వచ్చేది కొబియెలానే.

మరి అంత పాత్ర చేశాక? ముప్పై నిండకముందే శిఖరం. మరుసటేడు, 1961 సెప్టెంబరు 20న, ముంక్ వోవిచ్ పట్టణం దగ్గర కారు ప్రమాదంలో పోయాడు. ఆష్విట్జ్ మీద తీస్తున్న ‘ప్యాసింజర్’ మధ్యలో ఆగింది. తర్వాత మిత్రుడు విటోల్డ్ లెసియెవిచ్ నిశ్చల చిత్రాలు జోడించి దాన్ని బయటికి తెచ్చాడు. మీ ప్రశ్నకు నేనిచ్చే మొదటి జవాబు ఇదే: కొబియెలాను కథ మధ్యలో నిలబెట్టిన దర్శకుడు పోయాడు. మిగిలినవాళ్ళు ఆయన్ని ఇష్టపడ్డారు, పిలిచారు, కానీ పక్కన నిలబెట్టారు. నవ్వించే ముఖం ఉన్నవాడికి ఏ దేశంలోనైనా ఉండే తిప్పలే ఇవి.

రెండో జవాబు సెన్సారు. 1967లో యెజీ స్కొలిమోవ్‌స్కి ‘హాండ్స్ అప్’ తీశాడు. ఒకప్పటి సహవిద్యార్థులు మళ్ళీ కలుసుకుని తాము ఏమైపోయామో చూసుకునే కథ. అందరికీ కార్ల పేర్లే పేర్లు, కొబియెలా పేరు వార్ట్‌బుర్గ్. అందులో స్టాలిన్ పటానికి పొరపాటున రెండు జతల కళ్ళు అతికించిన దృశ్యం ఉంది. అంతే, సినిమా బీరువాలోకి పోయింది. జనం చూడటానికి 1980లు రావాల్సి వచ్చింది, అప్పటికి కొబియెలా లేడు. ఆయన చేసిన గంభీరమైన పనుల్లో ఒకటి ఇలా పదిహేనేళ్ళు చీకట్లో ఉండిపోయింది.

మధ్యలో సరదా సినిమాలూ ఉన్నాయి. ‘ఎం-3 మనిషి’ అనే హాస్యచిత్రంలో ఆయన డాక్టరు. ఎం-3 అంటే అప్పటి ప్రభుత్వ లెక్కలో ముగ్గురు మనుషులకు ఇచ్చే ఫ్లాటు. ఫ్లాటు చేతికి రావాలంటే గడువులోగా పెళ్ళాడాలి, అదీ కథ. గొప్ప సినిమా ఏం కాదు, ఆదివారం మధ్యాహ్నం చూడొచ్చు. టీవీ నాటకాల్లో మాత్రం 1969లో యెజీ గ్రూజా చేసిన మొలియేర్ నాటకంలో, పెద్దమనిషి కావాలని తపించే వర్తకుడు జోర్దాఁగా ఆయన పేరు మోగిపోయింది. చూడండి, మళ్ళీ అదే మనిషి: తను కానిది కావాలని ఆరాటపడేవాడు.

మీకు టైము లేకపోతే ఒక 35 నిమిషాల చిత్రం చెబుతాను. 1968లో సైన్స్ ఫిక్షన్ రచయిత స్తనిస్వావ్ లెమ్ రచనతో వైదా టీవీకి తీసిన ‘లేయర్ కేక్’. కొబియెలా ఇందులో రేసు కార్ల డ్రైవర్ రిచర్డ్ ఫాక్స్. ప్రమాదంలో తమ్ముడు పోతాడు, వాడి అవయవాలు ఇతనికి అతికిస్తారు. బీమా కంపెనీవాళ్ళేమో, తమ్ముడి శరీరంలో చాలా భాగం మీలో బతికే ఉంది కదా, మొత్తం డబ్బు ఎందుకివ్వాలి అంటారు. తర్వాత ఇంకో ప్రమాదం, ఇంకెవరివో ముక్కలు. చివరికి కుక్కవి కూడా. తన కథల మీద తీసిన సినిమాలంటే మొహం చిట్లించే లెమ్‌కి ఇది నచ్చింది. కొబియెలా ఇందులో ఒక్కో అతుకు తర్వాత నడక, చూపు కొద్దికొద్దిగా మారుస్తాడు. బిమ్-బోమ్ రోజుల పనితనమే.

ఈ సినిమాను ఇప్పుడు తేలిగ్గా చూడలేను. కారణం చెబుతాను.

1967 జనవరి 8న వ్రోత్స్వావ్ స్టేషన్లో కదులుతున్న రైలు ఎక్కబోయి సిబుల్‌స్కి కిందపడి చనిపోయాడు. 39 ఏళ్ళు. వైదా ఆ చావు చుట్టూ ‘ఎవ్రీథింగ్ ఫర్ సేల్’ తీశాడు. షూటింగుకు రావాల్సిన నటుడు రాడు. అతని భార్య, స్నేహితులు, దర్శకుడు వెతుకుతూ తిరుగుతారు. చనిపోయిన నటుడి పేరు సినిమాలో ఎక్కడా పలకరు. నటీనటులు చాలావరకు తమ పేర్లతోనే కనిపిస్తారు, కొబియెలా కూడా ‘బోబెక్’గానే ఉంటాడు. పైన గుర్తుపెట్టుకోమన్నది ఇందుకే. నటనా కళాశాల నుంచి పక్కనున్న మిత్రుడి చావు మీద తీసిన సినిమాలో, తన ముద్దుపేరుతోనే కెమెరా ముందు నిలబడటం ఎలా ఉంటుందో నేను ఊహించలేను. వైదా చేసింది సరైన పనేనా అని ఇప్పటికీ వాదించుకోవచ్చు. నాకు కొంచెం అతిగానే అనిపించింది, కొబియెలా ఉన్న చోట్ల తప్ప.

ఆ సినిమా 1969 జనవరిలో విడుదలైంది. అదే ఏడాది జులై 2న కొబియెలా కారు కొరోనోవో దగ్గర ప్రమాదానికి గురైంది. గ్దాన్‌స్క్ ఆస్పత్రిలో జులై 10న కన్నుమూశాడు. 38 ఏళ్ళు. క్రాకోవ్‌కి పడమర ఉన్న తెన్చినెక్ అనే పల్లెలో ఆయన సమాధి ఉంది. వైదా, పొలాన్‌స్కీ సినిమాలకు సంగీతం చేసిన కొమెదా అదే ఏప్రిల్లో పోయాడు, ఆయనకూ 38 నిండలేదు. ముంక్, సిబుల్‌స్కి, కొమెదా, కొబియెలా, నలుగురిలో ఒక్కరికీ నలభై రాలేదు. కొందరు దీన్ని ‘శాపగ్రస్తుల తరం’ అని పెద్ద మాటలతో రాస్తారు. నాకు ఆ ధోరణి నచ్చదు. రెండు కార్లు, ఒక రైలు, ఒక తలగాయం. శాపం అంటే ఆ మనుషులు చేసిన పని వెనక్కి పోతుంది.

ఇక తెలుగువాళ్ళకే కాదు, బయటి ప్రపంచానికే ఆయన తెలియకపోవడానికి ఇంకో మామూలు కారణం ఉంది. పోలిష్ సినిమా బయటికి వెళ్ళిందంటే వీరుల కథలతో వెళ్ళింది. 2014లో మార్టిన్ స్కోర్సెసీ పూనుకుని 21 పోలిష్ సినిమాలను బాగుచేయించి అమెరికా అంతా తిప్పారు. ఆషెస్ అండ్ డైమండ్స్, ఎరోయికా, సారగోసా అందులో ఉన్నాయి, మూడింటిలోనూ కొబియెలా ఉన్నాడు. ఆయన సినిమా మొత్తాన్నీ మోసిన ‘బ్యాడ్ లక్’ మాత్రం లేదు. అదృష్టం అక్కడా పక్కకే చూసింది.

చూసే వరస అడిగితే ఇలా చెబుతాను. ముందు ‘బ్యాడ్ లక్’. తర్వాత ఆషెస్ అండ్ డైమండ్స్ మళ్ళీ ఒకసారి, ఈసారి సిబుల్‌స్కిని వదిలేసి సెక్రటరీ వెనకే వెళ్ళండి. ఆ తర్వాత లెమ్ చిత్రం. ‘ఎవ్రీథింగ్ ఫర్ సేల్’ చివరికి ఉంచుకోండి, ముందే చూస్తే అందులో ఎవరు ఎవరో తెలియక విసుగొస్తుంది.

మీ చివరి ప్రశ్న మర్చిపోలేదు. అవును, వోయ్చెక్ హాస్ తీసిన సారగోసాలో (1965) తొలేదో ఆయనే. కథలో కథలో కథగా పోయే ఆ సినిమా రెండో భాగంలో వస్తాడు. సుఖపురుషుడు. రాత్రిపూట కిటికీ బయట వినిపించిన గొంతును, చనిపోయిన స్నేహితుడిదే అనుకుని హడలిపోయి, పాపభీతితో భక్తుడైపోతాడు. అసలు సంగతి వేరే, అది సినిమాలోనే చూడండి. ఆ కథ నడుస్తున్నంతసేపూ ఇంకో చోట కూర్చుని దాన్ని వింటున్న సైనికాధికారి సిబుల్‌స్కి. అప్పటికి ఇద్దరూ ఉన్నారు.